పాతబస్తీ రుచుల నడక తెలుగులో ఎప్పుడు?

సంపాదకులకు,

నమస్కారం. మూడు వారాల కిందట మీ ఆదివారం సంచికలో హైదరాబాద్ ఆహార పర్యాటకం మీద వచ్చిన వ్యాసం చదివినప్పటి నుంచీ ఈ ఉత్తరం రాయాలని అనుకుంటున్నాను. 2019లో యునెస్కో మన నగరాన్ని ఆహార సంస్కృతి విభాగం కింద సృజనాత్మక నగరాల జాబితాలో చేర్చిందనీ, ఆ గుర్తింపుకు తగిన పని ఇక్కడ జరగలేదనీ వ్యాసకర్త పడిన బాధ న్యాయమైనదే. అయితే దానికి విరుగుడుగా ఆయన చెప్పిన మార్గం, అంటే నగర శివార్లలో విశాలమైన ఆవరణ ఒకటి కట్టి, బిర్యానీ మొదలు ఇరానీ చాయ్ దాకా అన్నిటినీ ఒకే కప్పు కిందికి తీసుకురావడం, నాకు రుచించలేదు. ఎందుకు రుచించలేదో చెప్పాలంటే కిందటి నవంబరులో పోర్చుగల్‌లోని పోర్టో నగరంలో నేనూ నా భార్యా చేసిన ఒక నడక గురించి చెప్పక తప్పదు. నిడివి పెరిగితే కత్తిరించే అధికారం మీకుంది. పేగులూ పొట్టా కలిపి వండే బోటీ గురించిన భాగాన్ని మాత్రం కత్తిరించవద్దని మనవి.

మా అబ్బాయి అక్కడ ఉద్యోగం చేస్తున్నాడు. ఊరు చూపించే తీరిక తనకు లేదని, తింటూ ఊరు తిరిగే నడక ఒకటి ఉందంటూ మా ఇద్దరి పేర్లూ రాయించాడు. తలకు 70 యూరోలని విని నేను వద్దన్నాను. కట్టిన డబ్బు వెనక్కి రాదని తెలిశాక వెళ్లక తప్పలేదు. మొత్తం పదిమందిమి ఉన్నాం. మమ్మల్ని తిప్పింది ముప్పై ఏళ్లైనా నిండని ఒక అమ్మాయి. నా భార్య శాకాహారి అన్న సంగతిని ముందురోజే మెయిల్‌లో అడిగి రాసుకున్నారు కాబట్టి, తొమ్మిది చోట్ల ఆగితే తొమ్మిది చోట్లా ఆమె పళ్లెంలో ఏదో ఒకటి ఉంది. మూడున్నర గంటల్లో మేం నడిచింది మూడు కిలోమీటర్లకు మించదు. పోర్టో అన్న మాటకు అర్థమే రేవు, ఆ దేశం పేరులో మొదటి సగం కూడా ఈ రేవుదే. కొండవాలు మీద కట్టిన ఊరు కావడం వల్ల వీధులన్నీ దౌరు నది వైపు దిగుతుంటాయి. 1996లో ప్రపంచ వారసత్వ హోదా పొందిన ఆ పాత నగరంలో గ్రానైటు రాళ్లు పరిచిన దారులు వానకు తడిస్తే జారతాయి, ఆ రోజు వాన పడుతూనే ఉంది. అయినా అరవై దాటిన మా ఇద్దరికీ ఎక్కడా కాలు తడబడలేదు. కాలిబాట అన్నది అక్కడ నడిచేవాళ్లకే వదిలేసి ఉండడం దానికి కారణం.

నడక బొల్యావ్ మార్కెట్‌లో మొదలైంది. 1914 నాటి ఆ భవనం పాడుబడడంతో 2018లో మూసివేసి, వ్యాపారులను దగ్గరలోనే తాత్కాలిక చోటికి మార్చి, బాగుచేసి 2022లో మళ్లీ తెరిచారు. పాత దుకాణదారుల్లో చాలామంది తిరిగి అక్కడికే వచ్చారట. గైడ్ మమ్మల్ని తిండి దగ్గరికి తీసుకెళ్లకుండా ముందు ఒక ఆకుకూరల దుకాణం ముందు నిలబెట్టింది. దుకాణంలో ఉన్న ముసలమ్మ ముదురు ఆకుల కట్టను చిన్న మరలోకి తోస్తూ చేత్తో తిప్పుతుంటే, ఇవతల వెంట్రుకలంత సన్నటి తురుము రాలుతోంది. ఉడికించి చిదిమిన ఆలుగడ్డల చారులో ఆ తురుము వేసి కాచేదే కాల్దు వెర్ద్ అనే వాళ్ల రోజువారీ వంటకం. పైన వేసే సాసేజ్ ముక్క తీసేస్తే నా భార్యకూ సరిపోయింది. పక్కనున్న పండ్ల దుకాణంలో గైడ్ ఒక పండు చూపించి 'అననాష్' అన్నది. 'అనాసపండే కదండీ ఇది!' అని నా భార్య నా చెయ్యి పట్టుకుని ఊపింది. దక్షిణ అమెరికాలో పుట్టిన పండు పోర్చుగీసు ఓడలెక్కి, వాళ్లు పలికిన పేరుతోనే మన ఊళ్లకు చేరిందని నాకు పుస్తకాల వల్ల తెలుసు, కానీ తెలిసిన సంగతి అలా చెవిన పడడం వేరు. బొత్తాం, తువాలు, మేస్త్రీ అన్నవి కూడా వాళ్ల మాటలేనని నేను చెబితే, ఆ అమ్మాయి నోటుపుస్తకం తీసి రాసుకుని, మర్నాటి గుంపుకు చెబుతానన్నది. 1498లో కాలికట్ చేరి, 1510లో గోవాను పట్టుకున్నవాళ్లు మనకు మిరపకాయను కూడా తెచ్చారు. దానికి ముందు ఈ దేశంలో కారమంటే ప్రధానంగా మిరియమే. విచిత్రమేమిటంటే, అంత దూరం మోసుకొచ్చి మనకు అంటగట్టిన మిరపకాయ వాళ్ల భోజనంలో పెద్దగా కనబడదు. అడిగితే చిన్న సీసాలో పిరిపిరి అనే కారపు నూనె తెచ్చి, రెండు చుక్కలకు మించి వేసుకోవద్దని హెచ్చరించారు. నేను సీసాలో సగం వంచాను.

ఉప్పుచేపల దుకాణం గురించి క్లుప్తంగా చెబుతాను. బేగంబజార్ చేపల మార్కెట్ వైపు తిరిగినవారికి ఆ వాసన కొత్తది కాదు. వాళ్లు బకల్యావ్ అనే ఆ చేప పోర్చుగల్ తీరంలో దొరకదు, నార్వే వంటి చలిదేశాల సముద్రాల నుంచి వస్తుంది. పలకలా ఎండిన చేపను గైడ్ మా చేతుల్లో పెట్టి బరువు చూడమంది. ఒకటి రెండు రోజులు నీళ్లు మారుస్తూ నానబెడితే గానీ అది వంటకు రాదట. ఆలుగడ్డతో కలిపి వేయించిన ఆ చేప ఉండలు పదిమందిమీ రెండేసి తిన్నాం. ఒక దేశం తన జాతీయ వంటకమని గర్వంగా చెప్పుకునే దానికి ముడిసరుకు పరాయి సముద్రానిదన్న మాటను ఆ అమ్మాయి దాచలేదు, పైగా అక్కడే ఎక్కువసేపు ఆగి చెప్పింది.

ఇక బోటీ. పోర్టో వాసులను తక్కిన పోర్చుగల్ ప్రజలు 'త్రిపేరుష్' అంటారు, అంటే బోటీ తినేవాళ్లని అర్థం. 1415లో ఉత్తర ఆఫ్రికాలోని స్యూటా మీదికి పోర్చుగీసు నౌకాదళం దండెత్తినప్పుడు, రాకుమారుడు హెన్రీ ఈ రేవులో ఓడలు సిద్ధం చేయించాడనీ, అప్పుడు ఊళ్లోని జనం మంచి మాంసమంతా ఉప్పువేసి ఓడలకెత్తించి, తమకోసం పేగులూ పొట్టలూ మాత్రమే ఉంచుకున్నారనీ, వాటితో వండుకున్న కూరే నేటికీ ఆ ఊరి పేరు మీద నిలిచిందనీ చెప్పుకుంటారు. ఈ కథను రసవత్తరంగా చెప్పి ముగించాక గైడ్ ఒక్క క్షణం ఆగి, దండయాత్ర చరిత్రలో ఉన్నదే గానీ పేగుల సంగతి ఊరు తన గురించి తాను చెప్పుకునే కథ, రెంటినీ ఒకే గాటన కట్టవద్దు అన్నది. నలభై ఏళ్లు బడిలో చరిత్ర చెప్పినవాణ్ణి కాబట్టి ఆ ఒక్క వాక్యానికి ఆమెకు మనసులోనే దండం పెట్టాను. తెల్ల చిక్కుడు గింజలతో కలిపి ఉడికించిన బోటీని, పక్కన అన్నంతో సహా, మా ముందు పెట్టారు. నాతోపాటు ఉన్న వాళ్లలో నలుగురు చెంచా ముట్టుకోలేదు. నల్లగొండ జిల్లా పల్లెలో పుట్టి, చింతచిగురు వేసి మా అమ్మ వండిన బోటీ తిని పెరిగిన నేను, మసాలా తక్కువైందన్న ఒక్క లోటు తప్ప వంక పెట్టడానికేమీ లేక, గిన్నె ఖాళీ చేశాను. వంటావిడ లోపలినుంచి వచ్చి చూసి వెళ్లింది.

అప్పుడు నాకు తోచిన ఆలోచనే ఈ ఉత్తరానికి మూలం. ఎగతాళిగా పుట్టి ఉండగల పేరును ఒక ఊరు బిరుదుగా తగిలించుకుని, ఆ కూరను పరదేశుల ముందు మొదట పెడుతోంది. మనమో? హైదరాబాద్ తిండి అనగానే బిర్యానీ, హలీమ్, ఇరానీ చాయ్, డబుల్ కా మీఠా అని నాలుగు పేర్లు వల్లిస్తాం. తెలంగాణ ఇళ్లలో ఆదివారం నాడు ఉడికే బోటీ, తలకాయ కూర ఏ పర్యాటక పత్రంలోనూ నాకు కనబడలేదు. జొన్నరొట్టె, సర్వపిండి వంటివి కూడా ఏదో ఉత్సవం నాడు పందిరి కింద బయటికి వచ్చి, సాయంత్రానికి మళ్లీ లోపలికి పోతాయి.

మక్కపిండితో చేసే దిట్టమైన బ్రొవా రొట్టె, రొట్టె ముక్కల మధ్య మూడు రకాల మాంసం పెట్టి పైన జున్ను (చీజ్) కరిగించి పులుసు పోసే ఫ్రాన్సెజీన్యా వంటి వాటి వర్ణన ఇక్కడ అనవసరం. ఈ రెండోది 1950లలో పుట్టిన వంటకమని, ఫ్రాన్స్‌లో పనిచేసి వచ్చిన మనిషి అక్కడి వంటకాన్ని మార్చి చేసినదని గైడ్ చెప్పింది. 1950ల నాటిదాన్ని వెయ్యేళ్ల నాటిదిగా అమ్మజూపకపోవడం నాకు నచ్చింది. సావ్ బెంటో రైల్వే స్టేషన్ గోడల నిండా పరిచిన ఇరవై వేల నీలిరంగు పలకలు చూసి బయటికి వస్తే, వీధి మొగలో చెస్ట్‌నట్ కాయలు కాలుస్తున్న పొగ. కాగితపు పొట్లంలో వేసి ఇచ్చారు. మన మిరపకాయ బజ్జీల పొట్లం గుర్తొచ్చింది. పత్రికల కాగితంలో తిండి చుట్టవద్దని ఆహార భద్రతా సంస్థ చెబుతున్నా మన వీధుల్లో అది ఆగలేదు. మీ సంపాదకీయాలు అలా కూడా పాఠకులకు చేరుతున్నాయని మీరు సంతోషించవచ్చు.

చివరి మజిలీ నది అవతల. 1886లో కట్టిన రెండంతస్తుల ఇనుప వంతెన కింది అంతస్తు మీదుగా దౌరు దాటి గాయా అనే ఊరికి చేరాం. పోర్ట్ వైన్ నిల్వ చేసే చల్లటి గిడ్డంగులు చాలావరకు అక్కడే ఉన్నాయి. ద్రాక్షరసం పులుస్తుండగానే ద్రాక్ష నుంచి తీసిన ఘాటైన సారాయి కలిపితే పులవడం ఆగిపోతుంది, తీపి మిగులుతుంది. ఆ ద్రాక్ష పండే దౌరు లోయకు 1756లోనే ప్రభుత్వం హద్దులు గీసి, పండించే చోటుకూ పేరుకూ ముడివేసింది. 2010లో హైదరాబాద్ హలీమ్‌కు భౌగోళిక గుర్తింపు వచ్చిందని పండగ చేసుకున్న మనకు ఈ సంగతి ఆసక్తికరంగా ఉంటుంది. వరుసగా పేర్చిన పెద్ద చెక్క పీపాలను చూపించి, గైడ్ వాటి పేరు చెప్పబోతుంటే నేనే ముందు 'పీపా' అన్నాను. ఆమె ఆశ్చర్యపోయింది. వాళ్ల భాషలోనూ అది 'పీప'నే. వ్యాపారపు లెక్కలో ఒక్కొక్కటి 550 లీటర్లు. అక్కడ నా భార్య మధుపానానికి బదులు జున్ను ముక్కా, మర్మేలు అనే కాయ గుజ్జుతో చేసిన గట్టి పాకమూ తిని, మేం పడ్డ అవస్థను ఓర్పుగా చూసింది.

ఇంతకీ ఆ నడకలో పనికొచ్చే సంగతి వంటకాల జాబితా కాదని నా అభిప్రాయం. గైడ్ ప్రతి దుకాణంలోకీ అక్కడివాళ్లను పేరు పెట్టి పిలుస్తూ వెళ్లేది, మేం వచ్చే వేళకు పళ్లేలు సిద్ధంగా ఉండేవి. గుంపు చిన్నది కాబట్టి మామూలు గిరాకీకి మావల్ల అడ్డం రాలేదు. డబ్బు ఆమే చెల్లించేది, మాకు కనబడేలాగే చెల్లించేది. మేం ఆగిన తొమ్మిది చోట్లలో ఏడు కుటుంబాలు నడుపుకునే చిన్న దుకాణాలే. ఆ వంటకాలన్నిటినీ తెచ్చి ఒక పెద్ద హాలులో వరుసగా అమర్చి ఉంటే కడుపు నిండేది, కానీ ఆకులు తరిగే మరా, చేప వాసనా, నది వైపు దిగే వాలూ, పీపాల చీకటీ ఉండేవి కావు. వ్యాసకర్త కట్టమంటున్న ఆవరణ మీద నా అభ్యంతరం ఇదే.

తిరిగి వచ్చాక జనవరిలో ఒక ఆదివారం పొద్దున మన పాతబస్తీలో జరిగిన ఇటువంటి నడకకే వెళ్లాను. నడిపినవారి పేరు చెప్పడం నా ఉద్దేశం కాదు, వారి శ్రమను తక్కువ చేయడమూ కాదు. ముప్పైమందికి పైగా వచ్చాం. మెడలో వేలాడే మైకులో అంతా ఇంగ్లిష్‌లో చెప్పారు. నేను పలకరించి చూస్తే వచ్చినవాళ్లలో సగానికి పైగా తెలుగువాళ్లమే. గైడ్ కూడా ఫోనులో ఇంటివాళ్లతో చక్కటి తెలుగు మాట్లాడాడు. పొద్దుటి నహారీ అనే మాంసపు పులుసు, కుల్చా రొట్టెల గిరాకీతో ఊపిరాడని ఒక హోటల్ గుమ్మంలో ముప్పైమందిమీ ఒక్కసారిగా నిలబడితే, గల్లాపెట్టె దగ్గరి పెద్దమనిషి మమ్మల్ని పక్కకు జరగమని కసిరాడు. ఆయన తప్పేమీ లేదు. నహారీ రాత్రంతా ఎలా ఉడుకుతుందో, దాని పక్కన పెట్టే నాన్‌కు నాలుగు మూలలు ఎందుకుంటాయో ఎవరూ చెప్పలేదు. చార్మినార్ దగ్గర మాత్రం భాగమతి ప్రేమకథను శాసనం చదివినంత నిశ్చయంగా చెప్పారు. కథలు చెప్పవద్దని నేననను. కథను కథ అని చెబితే దాని రుచి తగ్గదని పోర్టోలో చూసి వచ్చాను కాబట్టి అడుగుతున్నాను.

నిజానికి మనకున్న దారి పోర్టో దారికి ఏమీ తీసిపోదు. 1935లో రాతితో కట్టిన మొజంజాహీ మార్కెట్‌ను 2020లో బాగుచేశారు; అక్కడి ఐస్‌క్రీమ్ దుకాణాల దగ్గర మొదలుపెట్టి, బేగంబజార్, ఉస్మాన్‌గంజ్ వైపు తిరిగి, ఎండుమిర్చి బస్తాల ముందు ఒక ఐదు నిమిషాలు నిలబడి, ఈ కాయ ఐదారు వందల ఏళ్ల కిందట ఇక్కడ లేదని చెబితే వినేవాళ్లకు తుమ్ములతోపాటు ఆశ్చర్యమూ కలుగుతుంది. అక్కడినుంచి అఫ్జల్‌గంజ్. ఉస్మానియా ఆసుపత్రి కనబడే చోట ఉస్మానియా బిస్కట్ చేతికిచ్చి, ఈ ఉప్పు కలిసిన తీపి బిస్కట్‌ను ఆసుపత్రి రోగుల కోసం చేయించారని ఒక కథ ఉందని, కథగానే, చెప్పవచ్చు. నయాపూల్ మీద ఆగి 1908 వరద గురించి, దాని తర్వాత వచ్చిన ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ గురించి చెప్పాలి. చాయ్‌లో కలిసే నీళ్లు ఎక్కడివన్నది కూడా తిండి కథే. దౌరు మీద నిలబడితే ముక్కుకు ద్రాక్ష వాసన తగిలింది, మూసీ మీద ఏం తగులుతుందో మీ పాఠకులకు నేను చెప్పనక్కరలేదు. అవతల మదీనా, పత్తర్‌గట్టి, చార్‌కమాన్, గుల్జార్‌హౌజ్ దాటితే 1591 నాటి చార్మినార్. ఏదో ఒక ఇరానీ హోటల్ వంటగదిలోకి పదిమందిని రానిచ్చి, డికాక్షన్ ఒక గిన్నెలో, పాలు వేరొక గిన్నెలో గంటల తరబడి మరిగి, చివరికి కప్పులోనే కలుస్తాయని చూపిస్తే, ఈ నగరంలో పుట్టి పెరిగిన వాళ్లు కూడా నోరు తెరుస్తారు. బోటీ వండే హోటల్ ఒకటి కూడా ఈ దారిలోనే చేర్చాలని నా పట్టుదల.

దీనికి కావలసింది భవనం కాదు, మనుషులు. పాతబస్తీలోనే పుట్టి, ఉర్దూతోపాటు తెలుగూ ధారాళంగా మాట్లాడే యువతీ యువకులు ఎందరో దుకాణాల్లో కనబడతారు. వాళ్లలో ఓ ఇరవైమందిని ఎంచుకుని, చరిత్రకూ కథకూ తేడా నేర్పి, దుకాణదారులతో ముందే ధర మాట్లాడించి, గుంపుకు పదిమందికి మించకుండా తెలుగులో, ఉర్దూలో, ఇంగ్లిష్‌లో నడకలు పెట్టించడం పర్యాటక శాఖకు తలకు మించిన పని కాదు. మలక్‌పేట, కూకట్‌పల్లి, దిల్‌సుఖ్‌నగర్‌లలో ముప్పై ఏళ్లుగా ఉంటూ, పాతబస్తీ అంటే గాజులూ ముత్యాలూ కొనే చోటని మాత్రమే ఎరిగిన తెలుగు కుటుంబాలు ఎన్నో నాకు తెలుసు. విదేశీ పర్యాటకుల కంటే ముందు ఈ నడక వాళ్లకే కావాలి.

ఒక జాగ్రత్త కూడా చెప్పాలి. పోర్టోలో నదీతీరపు ఇళ్లలో చాలావాటిని పర్యాటకులకు అద్దెకివ్వడం మొదలుపెట్టాక అక్కడి పాత కుటుంబాలు ఆ వీధుల అద్దెలు భరించలేకపోయాయి. 2018 నుంచి ఆ నగరం పర్యాటకుల దగ్గర రాత్రికి ఇంత అని పన్ను వసూలు చేస్తోంది. మా గైడ్ కూడా ఊరి బయటి నుంచి రైలెక్కి వచ్చి ఊరు చూపిస్తోంది. పత్తర్‌గట్టిలో రేపు అలాంటి పరిస్థితి రాకుండా, గుంపుల సంఖ్యకు మొదటి రోజునుంచే హద్దు ఉండాలి.

గత నెల రెండు ఆదివారాలు గడియారం పెట్టుకుని మొజంజాహీ మార్కెట్ నుంచి చార్మినార్ దాకా నేను నడిచి చూశాను. తొమ్మిది మజిలీలతో, తిండి వేళ కలుపుకుని, రెండు గంటల నలభై నిమిషాలు పట్టింది. ఎనిమిది చోట్ల కాలిబాట వదిలి వాహనాల మధ్య నడవాల్సి వచ్చింది; ఆ ఎనిమిదింటిలో మూడు చోట్ల అడ్డం సిమెంటు దిమ్మెలు, నాలుగు చోట్ల నిలిపిన బండ్లు, ఒకచోట మూత లేని మురుగు కాల్వ. మజిలీల వరుస, ఈ ఎనిమిది చోట్ల గుర్తులు చేత్తో గీసిన పటం ఈ ఉత్తరానికి జతచేస్తున్నాను. అచ్చువేయడానికి చోటు లేకపోతే, మీ నగర విలేకరి ఒక ఆదివారం ఏడు గంటలకు మొజంజాహీ మార్కెట్ గడియార స్తంభం కిందికి వస్తే చాలు, నేను దగ్గరుండి చూపిస్తాను.

భవదీయుడు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు,
నల్లకుంట, హైదరాబాద్